అద్దెదారుకు చట్టమిచ్చిన రక్షణ: ఏది ఎప్పుడు అడగాలి

ఇల్లు లేదా దుకాణం ఖాళీ చేయించమని యజమాని కోర్టుకెక్కినప్పుడు అద్దెదారు తరఫున చెప్పుకోవడానికి చట్టంలో చాలానే ఉంటుంది. నోటీసు సరిగా ఇవ్వలేదని, ఆ కోర్టుకు విచారించే అధికారం లేదని, బకాయి ఉద్దేశపూర్వకం కాదని, ఒప్పందం గడువు ఇంకా తీరలేదని వాదించవచ్చు. అయితే ఈ వాదనలన్నిటికీ ఆయుష్షు ఒకటి కాదు. కొన్ని మొదటి జవాబులో రాకపోతే అక్కడితోనే చెల్లిపోతాయి; కొన్ని డిక్రీ (కోర్టు తుది నిర్ణయం) వచ్చి, దాన్ని అమలు చేసే అమీను వచ్చి గుమ్మం ముందు నిలబడిన తర్వాత కూడా నిలుస్తాయి. ఏది ఏ రకమో తెలియక, అన్నీ చివరి దాకా తమ వెంటే ఉంటాయనుకుని అద్దెదారులు నష్టపోతున్నారు. వాదన కోర్టు అధికారానికే సంబంధించినదా, లేక అద్దెదారుకు ఇచ్చిన ఒక సౌలభ్యమా అన్నది ఈ తేడాకు మూలం. దానికి తోడు మరో ప్రశ్న కూడా ఉంది. ఆ వాదన నిలబడాలంటే కొత్తగా సాక్ష్యం కావాలా, లేక రికార్డు చూస్తేనే తేలిపోతుందా? ఆచరణలో ఎక్కువ కేసులు ఈ రెండో ప్రశ్న దగ్గరే తేలుతున్నాయి.

తెలంగాణలో ముందుగా తేల్చుకోవలసింది ఏ చట్టం వర్తిస్తుందన్నది. ఉమ్మడి రాష్ట్రంలో వచ్చిన 1960 నాటి భవనాల లీజు, అద్దె, ఖాళీ నియంత్రణ చట్టం అక్కడ కొనసాగుతోంది. ఆంధ్రప్రదేశ్ నివాస, నివాసేతర భవనాల అద్దెలకు 2017లో వేరే చట్టం చేసుకుంది కాబట్టి అక్కడి అద్దెదారులు ఆ చట్టాన్నే చూసుకోవాలి. 1960 చట్టం వర్తించే భవనమైతే పదో సెక్షన్‌లో చెప్పిన కారణాల్లో ఏదో ఒకటి రుజువైతే తప్ప ఖాళీ చేయించడం కుదరదు, ఆ విచారణ అద్దె వివాదాలకు నియమించిన ప్రత్యేక అధికారి అయిన రెంట్ కంట్రోలర్ ముందే జరగాలి. వర్తించకపోతే ఆస్తి బదిలీ చట్టం ప్రకారం కౌలు ముగిస్తున్నట్టు నోటీసు ఇచ్చి యజమాని సివిల్ కోర్టులో దావా వేస్తాడు, కారణం చెప్పనక్కర్లేదు. అద్దెదారుకు ఈ రెండు దారుల మధ్య ఉన్న దూరం చాలా ఎక్కువ.

ఆ గీత ఎక్కడ పడుతుందన్నది అనేకసార్లు మారింది. మొదట 1957 ఆగస్టు 26న గాని ఆ తర్వాత గాని కట్టిన భవనాలన్నిటినీ 32వ సెక్షన్ ఈ చట్టం నుంచి మినహాయించింది. కొత్త ఇళ్లు కట్టేవారిని ప్రోత్సహించడానికి పెట్టిన ఆ మినహాయింపు పావు శతాబ్దం గడిచినా అలాగే ఉండటం సమానత్వ హక్కుకు విరుద్ధమని 1983లో మోటార్ జనరల్ ట్రేడర్స్ కేసులో సుప్రీంకోర్టు దాన్ని కొట్టివేసింది. 2005 సవరణ తర్వాత మినహాయింపు పొందేవి ప్రధానంగా మూడు రకాలు: ప్రభుత్వ భవనాలు, నిర్మాణం పూర్తయి లేదా గణనీయంగా పునర్నిర్మించి పదిహేనేళ్లు నిండని భవనాలు, నెల అద్దె మునిసిపల్ కార్పొరేషన్ల పరిధిలో 3,500 రూపాయలకు, ఇతర ప్రాంతాల్లో 2,000 రూపాయలకు మించినవి. నేటి హైదరాబాద్‌లో ఆ అద్దెకు ఒక గది దొరకడమే కష్టం కాబట్టి కొత్తగా కిరాయికి దిగినవారిలో అత్యధికులు ఈ చట్టం బయటే ఉన్నారు. పాతబస్తీలోనో సికింద్రాబాద్ బజార్లలోనో తరాలుగా నడుస్తున్న చిన్న దుకాణాలకు, పాత వాటాల్లో ఉంటున్నవారికి మాత్రం ఈ గీత ప్రాణాధారం.

భవనం వయసెంత, అద్దె ఎంత అన్నవి రెండూ వాస్తవాలు; న్యాయవాది వాదనతో తేలేవి కావు. యజమాని సివిల్ కోర్టులో దావా వేసినప్పుడు అద్దెదారు తన రాతపూర్వక జవాబులో ఈ భవనం ఫలానా సంవత్సరంలో కట్టినదని, అద్దె ఇంత అని, అందువల్ల విచారణ రెంట్ కంట్రోలర్‌కు చెందుతుందని స్పష్టంగా రాసి, దానికి ఆధారంగా ఇంటిపన్ను రసీదో, పాత కరెంటు బిల్లో, అద్దె చీటీయో జతపరచాలి. "దావా చెల్లదు, ఈ కోర్టుకు అధికారం లేదు" అన్న ఒక్క వాక్యం దాదాపు ప్రతి జవాబులోనూ అలవాటుగా కనిపిస్తుంది. వాస్తవం లేని ఆ వాక్యం మీద ఏ కోర్టూ విచారణాంశం (విచారించి తేల్చవలసిన ప్రశ్న) రూపొందించదు, తర్వాత ఎప్పుడో దాన్ని పట్టుకుని వేలాడటమూ కుదరదు. సివిల్ ప్రొసీజర్ కోడ్ ఎనిమిదో ఆర్డరు ప్రకారం దావా నిలవదని చూపే కొత్త వాస్తవాలన్నిటినీ ప్రతివాది జవాబులోనే లేవనెత్తాలి. ఎదుటివారు చెప్పినదాన్ని ప్రత్యేకించి కాదనకపోతే ఒప్పుకున్నట్టే లెక్క. జవాబుకు గడువు సమన్లు అందిన 30 రోజులు, కోర్టు పెంచితే 90 రోజుల వరకు. ఈ గడువు కోర్టు చేతులు పూర్తిగా కట్టేసేది కాదని 2005లో సేలం న్యాయవాదుల సంఘం కేసులో సుప్రీంకోర్టు చెప్పినా, అసాధారణ పరిస్థితుల కోసం ఉంచిన వెసులుబాటు మీద భరోసా పెట్టుకోవడం ప్రమాదకరం. విచారణ మొదలయ్యాక జవాబును సవరించుకోవాలంటే, ఎంత శ్రద్ధ వహించినా ఆ సంగతి ముందుగా చెప్పలేకపోయామని చూపాలి. తాను ఇరవయ్యేళ్లుగా ఉంటున్న భవనం పాతదన్న సంగతి తనకు ఆలస్యంగా తెలిసిందని ఏ అద్దెదారూ నమ్మించలేడు.

కోర్టు అధికారానికి సంబంధించిన అభ్యంతరాన్ని ఎప్పుడైనా లేవనెత్తవచ్చుననే మాట వాడుకలో ఉంది. అది నిజమే గాని సగం నిజం. మిగతా సగం రెండు సుప్రీంకోర్టు తీర్పులను పక్కపక్కన పెట్టి చూస్తే బోధపడుతుంది. మొదటిది 1989 నాటి సుశీల్ కుమార్ మెహతా కేసు. హర్యానాలో అద్దె నియంత్రణ చట్టం కింద ఉన్న భవనాన్ని ఖాళీ చేయించడానికి యజమాని రెంట్ కంట్రోలర్ దగ్గరికి వెళ్లకుండా సివిల్ కోర్టులో దావా వేసి, ప్రతివాది హాజరు కాకుండానే ఇచ్చే ఎక్స్‌పార్టీ డిక్రీ పొందాడు. దాన్ని రద్దు చేయించుకోవడానికి అద్దెదారు చేసిన ప్రయత్నాలన్నీ విఫలమయ్యాయి. అమలు దశలో ఆ సివిల్ కోర్టుకు అసలు అధికారమే లేదన్న అభ్యంతరం ముందుకొచ్చింది. ఇంత ఆలస్యంగా ఎలా వింటామని యజమాని అడ్డుపడినా, ఖాళీ చేయించే అధికారాన్ని చట్టం ఒక ప్రత్యేక అధికారికి మాత్రమే అప్పగించినప్పుడు సివిల్ కోర్టు ఇచ్చిన డిక్రీ శూన్యమని, ముందటి తీర్పుల్లోనే ఆ విషయం తేలిపోయిందన్న అడ్డంకి కూడా ఈ అభ్యంతరానికి ఉండదని సుప్రీంకోర్టు తేల్చింది. అద్దెదారు మౌనం కోర్టుకు లేని అధికారాన్ని సృష్టించలేదు.

రెండోది అంతకు దాదాపు ఇరవయ్యేళ్ల ముందు, 1970లో వచ్చిన వాసుదేవ్ ధంజీభాయ్ మోదీ కేసు. అహ్మదాబాద్‌లో ఒక స్థలం నుంచి ఖాళీ చేయించే డిక్రీ అమలుకు వచ్చాక, లీజు నాటికి అది సాగుభూమి కాబట్టి డిక్రీ ఇచ్చిన కోర్టుకు ఆ వివాదాన్ని విచారించే అధికారం లేదని అద్దెదారు అన్నాడు. లీజు నాటికి ఆ స్థలాన్ని దేనికి వాడుతున్నారో తేలాలంటే కొత్తగా విచారణ జరపాలి. డిక్రీ మీద గాని రికార్డులో గాని లోపం కనిపించనప్పుడు అమలు కోర్టు ఆ తవ్వకం మొదలుపెట్టజాలదని సుప్రీంకోర్టు తిరస్కరించింది. ఈ రెండు తీర్పులు ఒకదానికొకటి విరుద్ధమైనవి కావు. అధికారం లేదన్న వాదన ఎప్పటికీ చావదు, కాని దానికి కావలసిన వాస్తవాలను రికార్డులోకి తెచ్చే అవకాశం త్వరగానే మూసుకుపోతుంది. హైదరాబాద్ కేసులకు దీన్ని అన్వయిస్తే, అద్దె 3,000 రూపాయలని యజమాని స్వయంగా దావాలో రాసి, భవనం పాతదని ఆయనే చూపిన పత్రాల్లో తేలితే ఆలస్యంగా వచ్చిన అభ్యంతరానికీ బలం ఉంటుంది. భవనం వయసు గురించి ఎవరూ ఏమీ చెప్పని కేసులో, పదిహేనేళ్లు నిండాయో లేదో అమలు కోర్టులో తేల్చమంటే తలుపు తెరుచుకోవడం కష్టం.

ప్రాంతీయ పరిధి, దావా విలువ వంటి అభ్యంతరాలు వేరే జాతి. సివిల్ ప్రొసీజర్ కోడ్ 21వ సెక్షన్ ప్రకారం వాటిని మొదటి అవకాశంలోనే, విచారణాంశాలు ఖరారు కాకముందే చెప్పాలి. లేకుంటే అప్పీలులో వినరు. మధ్యవర్తిత్వ ఒప్పందం ఉన్న వాణిజ్య లీజుల్లోనూ ఇదే తీరు. ఆస్తి బదిలీ చట్టం కిందికి వచ్చే అద్దె వివాదాలు ఆర్బిట్రేషన్‌కు వెళ్లవచ్చని, అద్దె నియంత్రణ చట్టం కిందివి వెళ్లలేవని 2020లో విద్యా ద్రోలియా తీర్పు చెప్పింది. వెళ్లదగిన వివాదంలో ఆ కోరికను అసలు విషయంపై మొదటి జవాబు దాఖలు చేసేలోగానే కోర్టుకు తెలపాలి.

ఇక నోటీసు సంగతి. రెంట్ కంట్రోల్ చట్టం కింద వేసే పిటిషన్‌కు ముందు ఆస్తి బదిలీ చట్టపు నోటీసు అక్కర్లేదని 1979లో ధనపాల్ చెట్టియార్ కేసులో ఏడుగురు న్యాయమూర్తుల ధర్మాసనం తేల్చింది కాబట్టి ఆ కేసుల్లో నోటీసు లోపాన్ని ప్రధాన వాదనగా పెట్టుకోవడం వృథా. సివిల్ దావాల్లో మాత్రం 106వ సెక్షన్ కీలకం. ఒప్పందంలో వేరే మాట లేకుంటే, నెలవారీ అద్దెకు ఉన్నవారికి పదిహేను రోజుల నోటీసు ఇవ్వాలి, ఆ లెక్క నోటీసు అందిన రోజు నుంచి మొదలవుతుంది. వాడుకలో ఉన్న పదకొండు నెలల అగ్రిమెంటు గడువు తీరాక, కొత్త కాగితం లేకుండా యజమాని సమ్మతితో అద్దె చెల్లిస్తూ ఉంటున్నవారూ సాధారణంగా ఈ నెలవారీ కోవలోకే వస్తారు. ఒకప్పుడు నోటీసులో తేదీ ఒక్క రోజు తప్పినా దావా కొట్టేసేవారు. 2002 సవరణ ఆ పరిస్థితిని మార్చేసింది: నోటీసులో చూపిన గడువు తక్కువైనా, చట్టం చెప్పిన పదిహేను రోజులు గడిచాకే దావా వేసి ఉంటే నోటీసు చెల్లుతుంది. దావా వేయడమే ఒక నోటీసుగా భావించవచ్చని 2007లో నోపానీ ఇన్వెస్ట్‌మెంట్స్ తీర్పు మరో అడుగు ముందుకు వేసింది. ఈ మలుపు అద్దెదారుల పట్ల న్యాయమైనదని చెప్పడం కష్టం. పదిహేను రోజుల వ్యవధి కాగితం లాంఛనం కాదు, పిల్లల బడి, సామాను, మరో ఇంటి అడ్వాన్సు చూసుకోవడానికి ఒక కుటుంబానికి చట్టం ఇచ్చిన కనీస సమయం.

ఎంత పలచబడినా నోటీసు వాదన ఇంకా ఉంది. కాని అది అద్దెదారు వదులుకోగలిగిన సౌలభ్యం, అడగకపోతే వదులుకున్నట్టే. నోటీసు లోపాన్ని నిర్దిష్టంగా, తొలి అవకాశంలోనే లేవనెత్తాలని, లేకుంటే లోపం నిజంగా ఉన్నా దాన్ని వదులుకున్నట్టే భావిస్తామని 2003లో పార్వతీబాయి కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. నిర్దిష్టంగా అన్న మాటే ఇక్కడ ముఖ్యం. "నోటీసు చట్టబద్ధం కాదు" అంటే సరిపోదు. నోటీసు అసలు అందలేదా, అందితే ఏ తేదీన అందింది, ఆ తేదీ నుంచి పదిహేను రోజులు నిండకముందే దావా పడిందా, ఇద్దరు యజమానుల్లో ఒక్కరే ఇచ్చారా, తయారీ పరిశ్రమ కోసం తీసుకున్న లీజుకు కావలసిన ఆరు నెలల నోటీసు బదులు పదిహేను రోజులదే ఇచ్చారా అన్నది విడమరచి రాయాలి. నోటీసు తర్వాత కూడా యజమాని అద్దె తీసుకున్నాడు కాబట్టి నోటీసు రద్దయిందన్న వాదన కూడా ఆధారాలతో ముందే రావాలి. ఊరికే అద్దె పుచ్చుకున్నంత మాత్రాన సరిపోదని, కౌలు కొనసాగించాలన్న ఉద్దేశం కూడా కనిపించాలని 2006లో సరూప్ సింగ్ గుప్తా తీర్పు అంటోంది.

రక్షణ అడిగే సమయం కాగితం మీదే కాదు, డబ్బు విషయంలోనూ నడుస్తుంది, ఎక్కువమంది దెబ్బతినేది ఇక్కడే. ఒక దుకాణదారు ఉదాహరణ తీసుకుందాం. యజమాని కొడుకు అద్దె పెంచమన్నాడు, ఇతను కాదన్నాడు. మరుసటి నెల అద్దె ఇవ్వబోతే తీసుకోలేదు. "తీసుకుంటే ఇస్తాను, నా దగ్గరే ఉంది కదా" అని దుకాణదారు డబ్బు గల్లాపెట్టెలో విడిగా పెట్టాడు. ఏడెనిమిది నెలల తర్వాత బకాయి కారణంగా ఖాళీ చేయించమని పిటిషన్ వచ్చింది. అతని నిజాయతీని ఎవరూ శంకించనక్కర్లేదు, అయినా చట్టం దృష్టిలో అతను చేయవలసింది చేయలేదు. 1960 చట్టం ఎనిమిదో సెక్షన్ ఒక వరుస చెప్పింది: యజమాని అద్దె తీసుకోకపోతే, పది రోజుల్లో ఏదైనా బ్యాంకు పేరు చెప్పమని రాతపూర్వకంగా నోటీసు ఇవ్వాలి, చెబితే అందులో జమ చేయాలి, చెప్పకపోతే కమీషను మినహాయించుకుని మనియార్డరు చేయాలి, అదీ తిరస్కరిస్తే అప్పుడు కంట్రోలర్ దగ్గర డిపాజిట్ చేయాలి. ఇదే వరుస ఉన్న అప్పటి తమిళనాడు చట్టం గురించి పళనిస్వామి కేసులో సుప్రీంకోర్టు మధ్య మెట్లు దాటేసి నేరుగా చేసిన డిపాజిట్‌కు చట్టపు రక్షణ ఉండదని కచ్చితంగా చెప్పింది. అంటే ఈ రక్షణను అడగవలసిన సమయం పిటిషన్ వచ్చాక కాదు, అద్దె తిరస్కరించిన ఆ నెలలోనే.

పిటిషన్ వచ్చాక కూడా ఇద్దరు ద్వారపాలకులున్నారు. పదో సెక్షన్‌లోని షరతు ప్రకారం బకాయి ఉద్దేశపూర్వకం కాదని కంట్రోలర్ నమ్మితే, చెల్లించడానికి పదిహేను రోజులకు మించని వ్యవధి ఇచ్చి, చెల్లించగానే పిటిషన్ కొట్టివేయవచ్చు. ఈ ఉపశమనం కావాలంటే ఆలస్యానికి కారణాన్ని కౌంటర్‌లోనే, అంటే పిటిషన్‌కు ఇచ్చే రాతపూర్వక జవాబులోనే చెప్పి, రుజువు చూపాలి. అసలు బకాయే లేదని కౌంటర్ వేసి, అప్పీలులో "ఉద్దేశపూర్వకం కాదు" అన్న పల్లవి ఎత్తుకుంటే రెండూ పొసగవు. రెండోది 11వ సెక్షన్: బకాయి మొత్తం చెల్లించి, తర్వాతి నెలల అద్దె కూడా కడుతూ ఉంటే తప్ప అద్దెదారుకు పిటిషన్‌ను ఎదుర్కొనే అర్హత గాని, అప్పీలు చేసే అర్హత గాని ఉండదు. తగిన కారణం చూపకపోతే కంట్రోలర్ విచారణ ఆపేసి స్వాధీనానికి ఆదేశించవచ్చు. ఎంత కట్టాలన్నదే వివాదమైతే దాన్ని తేల్చమని ముందుగా దరఖాస్తు పెట్టుకోవాలి. ఎంతో బలమైన వాదన ఉన్నా మధ్యలో రెండు నెలల అద్దె కట్టక, అది వినిపించే అవకాశమే పోగొట్టుకునే ప్రమాదం ఇక్కడ ఉంది. అద్దె చట్టం వర్తించని దావాల్లోనూ, అద్దె ఎగవేత వల్ల కౌలు రద్దయిందని యజమాని అంటే, విచారణ సమయంలో బకాయి, వడ్డీ, ఖర్చులు చెల్లించి కౌలును నిలుపుకునే అవకాశం ఆస్తి బదిలీ చట్టం 114వ సెక్షన్ ఇస్తోంది. ఇవ్వాలా వద్దా అన్నది కోర్టు విచక్షణ. డబ్బు చేతిలో పెట్టుకుని అడిగినవారికే ఆ విచక్షణ పనికొస్తుంది.

అడగవలసినది అడగకపోవడం ఒక ప్రమాదమైతే, అడగకూడనిది అడగడం మరొకటి. కౌంటర్‌లో బలం కోసం "పిటిషనరు ఈ ఆస్తికి యజమానే కాదు" అని రాసేస్తుంటారు. అద్దెకు దిగినప్పుడు యజమానిగా ఒప్పుకున్న వ్యక్తికి ఆనాడు హక్కు లేదని తర్వాత అనకూడదన్నది సాక్ష్య చట్టపు సూత్రం. అంతకు మించి, సద్భావం లేకుండా యజమాని హక్కును కాదనడం 1960 చట్టంలో ఖాళీ చేయించడానికి స్వయంగా ఒక కారణం. ఉమ్మడి రాష్ట్రం నుంచే వెళ్లిన మజేటి సుబ్బారావు కేసులో 1989లో సుప్రీంకోర్టు, ఖాళీ పిటిషన్‌కు ఇచ్చిన జవాబులో చేసిన తిరస్కారాన్ని కూడా అదే కేసులో కారణంగా తీసుకోవచ్చని చెప్పింది. మరో పిటిషన్ వేసే పని కూడా యజమానికి తప్పిపోతుంది. నిజంగానే ఆస్తి చేతులు మారి, ఇద్దరు ముగ్గురు అద్దె అడుగుతున్నప్పుడు అద్దెదారు ఆ సంగతిని దాచనక్కర్లేదు. తిరస్కారంలో సద్భావం ఉందని కంట్రోలర్ భావిస్తే యజమానినే సివిల్ కోర్టుకు వెళ్లమంటాడు. ఎవరికి చెల్లించాలో తేల్చమని అడగడానికి, నువ్వు యజమానివే కాదనడానికి మధ్య ఉన్న తేడాను కౌంటర్ రాసేటప్పుడు జాగ్రత్తగా పాటించాలి.

సొంత అవసరం పేరుతో వేసే పిటిషన్లలో అద్దెదారుకున్న రక్షణలు తక్కువగా వాడబడుతున్నాయి. నిర్ణీత కాలానికి ఒప్పందం ఉంటే ఆ కాలం తీరకముందు ఈ కారణంతో పిటిషన్ వేయడానికి చట్టం ఒప్పుకోదు. యజమాని అదే భవనంలో ఒక భాగంలో ఉంటూ అదనపు వసతి కోసం అడిగినప్పుడు, దానివల్ల అద్దెదారుకు కలిగే కష్టం యజమానికి కలిగే ప్రయోజనాన్ని మించితే కంట్రోలర్ పిటిషన్ కొట్టివేయాలి. ఆ కష్టమేమిటో అద్దెదారే చెప్పాలి: చుట్టుపక్కల వెతికినా దుకాణం దొరకలేదనో, ఖాతాదారులంతా ఆ వీధివారేననో, ఇంట్లో మంచం పట్టిన వృద్ధులున్నారనో. చెప్పని కష్టాన్ని కంట్రోలర్ ఊహించి తూచలేడు.

రాజీల విషయంలో చట్టం కొంత ఉదారంగా ఉంది. అద్దె నియంత్రణ చట్టపు రక్షణ ప్రజాప్రయోజనం కోసం పెట్టినది కాబట్టి దాన్ని ముందే వదులుకుంటున్నానని అగ్రిమెంటులో రాయించుకున్న షరతుకు విలువ ఉండదు. చట్టం చెప్పిన కారణమేదీ లేకుండా, కేవలం ఇద్దరూ ఒప్పుకున్నారని ఇచ్చిన ఖాళీ డిక్రీ శూన్యమని బహదూర్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అయితే నాగిందాస్ రాందాస్ కేసు నాటికి ఆ మాట పదును తగ్గింది: రికార్డులో ఏదో ఒక చట్టబద్ధమైన కారణానికి ఆధారం ఉంటే, చివరికి అద్దెదారు ఒప్పుకోలే ఉన్నా, రాజీ డిక్రీ నిలుస్తుంది. కాబట్టి "ఆరు నెలలు టైమిస్తారు, సంతకం పెట్టు" అన్నప్పుడు ఆ రాజీ పత్రంలో బకాయి ఉన్నట్టో, యజమానికి సొంత అవసరం ఉన్నట్టో ఒప్పుకున్న వాక్యం ఉందా అని చూసుకోవాలి. ఆ ఒక్క వాక్యంతో తర్వాత లేవనెత్తగల అభ్యంతరం ముగిసిపోతుంది.

అసలు హాజరే కాని అద్దెదారుకు మిగిలే దారి మరీ ఇరుకు. సివిల్ కోర్టు ఎక్స్‌పార్టీ డిక్రీని రద్దు చేయమని 30 రోజుల్లో అడగాలి. సమన్లు సక్రమంగా అందకపోతే ఆ లెక్క డిక్రీ సంగతి తెలిసిన రోజు నుంచి మొదలవుతుంది. రెంట్ కంట్రోలర్ ఉత్తర్వుపై అప్పీలుకూ 30 రోజులే, హైదరాబాద్‌లో ఆ అప్పీళ్లు సిటీ స్మాల్ కాజెస్ కోర్టు చీఫ్ జడ్జి ముందుకు వెళతాయి. ఆపై హైకోర్టులో రివిజన్ ఉంటుంది. రివిజన్‌లో ఉత్తర్వు సక్రమమేనా అని చూస్తారు గాని, కింద చెప్పని వాస్తవాలను కొత్తగా విచారించరు. ఇన్ని గడువులున్న విషయంలో అద్దెదారుకు అందే సమన్లలో తేదీ, కోర్టు హాలు నంబరు తప్ప, అద్దె కడుతూ ఉండకపోతే వాదించే అర్హతే పోతుందన్న ఒక్క ముక్క తెలుగులో ముద్రించి ఉండకపోవడం అన్యాయం. వకీలును పెట్టుకోలేని వ్యక్తికి ఆ ఒక్క వాక్యం ఇల్లు నిలబెట్టగలదు. చట్టం సవరించకుండానే, సమన్ల నమూనా మార్చి చేయగలిగిన పని ఇది. అంతవరకు, ఆదాయ పరిమితిలో ఉన్నవారికి, ఆదాయంతో సంబంధం లేకుండా మహిళలకు, ఎస్సీ, ఎస్టీ వర్గాలవారికి ఉచితంగా న్యాయవాదిని ఇచ్చే జిల్లా న్యాయసేవాధికార సంస్థకు సమన్లు అందిన వారంలోనే వెళ్లడం మంచిది. కౌంటర్ దాఖలైపోయాక వచ్చే న్యాయవాది, అందులో రాసినదానికి లోబడే వాదించవలసి వస్తుంది.